తల్లి అయస్కాంతం

ఫిబ్రవరి 9

చిన్నోణ్ణి ఇంటికి తీసుకొచ్చాం. ఎడమ భుజానికి కాస్త కింద అగ్గిపెట్టెంత ఉబ్బు. లోపల పేస్‌మేకర్ ఉంది. గుండె కొట్టుకోవడం మర్చిపోయినప్పుడల్లా అది గుర్తు చేస్తుందట. యాభై దాటినా నేను గుర్తుచేస్తే గానీ స్నానానికి లేవని తమ్ముడు వాడు. ఇప్పుడు గుండెకి కూడా ఒకరు గుర్తుచేయాల్సి వచ్చింది.

డాక్టరమ్మ చెప్పాల్సినవన్నీ చెప్పింది. బరువులెత్తొద్దు, ఎడమ చెయ్యి భుజం దాటి పైకి లేపొద్దు, రోజూ కాసేపు నడవాలి. చివర్లో ఫైలు మూస్తూ, "అయస్కాంతాలు మాత్రం దగ్గరికి రానివ్వకండి. కనీసం జానెడు దూరం ఉండాలి" అంది. నేను, చిన్నోడు, మరదలు ఒకరి మొహాలొకరు చూసుకున్నాం. "ఏం, ఇంట్లో ఉన్నాయా?" అనడిగింది. చిన్నోడికి నవ్వొచ్చి, కుట్లు లాగి మూలిగాడు.

ఉన్నాయా అంటే ఏం చెప్పను. మా ముందుగది నిండా అవే. నాన్న మొదలుపెట్టిన పని. బడిపిల్లల సైన్సు పెట్టెల్లోకి కడ్డీ అయస్కాంతాలు, దిక్సూచి ముళ్లు చేసిస్తాం. నేను రుద్దుతాను, వాడు తీగ చుడతాడు. మా ఇద్దరికీ వేరే పని రాదు.

దారంతా మరదలు మాట్లాడలేదు. గుమ్మంలోకి రాగానే, "వదినా, అవన్నీ తీసేయాలి" అంది. చూద్దాంలే అన్నాను.

ఫిబ్రవరి 10

తీసేయాలట. నన్ను కూడా వాటితో పాటే తీసేస్తే సరిపోతుంది.

ఫిబ్రవరి 12

మరదలు ఇల్లంతా గాలిస్తోంది. ఫ్రిజ్ మీద అతికించిన బొమ్మలు, వంటింట్లో కత్తుల్ని పట్టి ఉంచే పట్టీ, తన చేతిసంచికి ఉన్న గుండీ కూడా కత్తిరించి అట్టపెట్టెలో వేసింది. ఆ పెట్టె తెచ్చి నా గదిలో పెట్టింది. నా గదిలోనే ఎందుకో నాకు అర్థం కాదా.

నేను మాత్రం పద్ధతిగా పోయాను. దిక్సూచి పట్టుకుని, ముందుగదిలో ఒక్కో కడ్డీ ఎంత దూరం వరకు ముల్లుని కదిలిస్తుందో చూశాను. చిన్న కడ్డీలు మూరెడు దాటితే ఉలుకూ పలుకూ లేవు. తల్లి అయస్కాంతం మాత్రం బారెడు దూరం నుంచి కూడా ముల్లుని కాస్త తిప్పింది. ముల్లు కదిలినంత మాత్రాన గుండెకేం కాదు, ముల్లు ఎంత చిన్న బలానికైనా కదులుతుంది. అయస్కాంతం దగ్గర్లో పులి, కాస్త జరిగితే పిల్లి. దూరం రెండింతలైతే బలం సగం కాదు, ఇంచుమించు ఎనిమిదో వంతుకి పడిపోతుంది. అయినా ఎందుకొచ్చిన గొడవని, బల్లకి బారెడు దూరంలో నేల మీద సుద్దతో గీత గీశాను. చిన్నోడు గీత అవతల కుర్చీ వేసుకుని కూర్చోవచ్చు. ఇటు అడుగు పెట్టకూడదు.

"తొక్కుడుబిళ్ల ఆడదామా అక్కా?" అన్నాడు వాడు.

తల్లి అని మేం పిలిచేది నాన్న తెచ్చిన ఉక్కు కడ్డీని. అరచేతి పొడవు, బొటనవేలంత మందం. ఇన్నేళ్లుగా ఇన్ని ముళ్లూ దాంతో రుద్ది చేసినవే. ఎన్ని చేసినా దాని బలం తగ్గలేదు. "అది తనలోంచి తీసి ఇచ్చేదేం లేదే, కష్టమంతా మన చేతిది" అనేవాడు నాన్న. పని మధ్యలో లేవాల్సొస్తే దాన్ని చొక్కా ఎడమ జేబులో వేసుకునేవాడు, బల్లమీద వదిలితే పక్కనున్న ముళ్లని చెడగొడుతుందని. చిన్నోడికీ అదే అలవాటు. వాడి చొక్కాలన్నిటికీ ముందు చిరిగేది ఎడమ జేబే.

ఫిబ్రవరి 15

సైన్సు సామాన్ల షాపాయన కబురు చేశాడు. ఈసారి పెట్టెలతో పాటు ఒక కాగితం కూడా కావాలట, ఇంట్లోనే అయస్కాంతం ఎలా చేసుకోవాలో పిల్లలకి తెలిసేలా. "మీకంటే బాగా ఎవరు చెప్తారమ్మా" అన్నాడు. పొగడ్తకి పడిపోయే వయసు కాదు నాది. అయినా ఒప్పుకున్నాను. ముందు ఇక్కడ రాసుకుని తర్వాత దిద్దుకుంటాను.

"పిల్లలూ, ఒక కుట్టుసూది తీసుకోండి. ఇంట్లో అడిగి తీసుకోండి. దాన్ని బల్లమీద పెట్టి, అయస్కాంతం ఒక కొసతో బెజ్జం నుంచి మొన దాకా రుద్దండి. మొన దాటాక చెయ్యి పైకెత్తి, గాల్లోంచే వెనక్కి తెచ్చి, మళ్లీ బెజ్జం దగ్గర మొదలుపెట్టండి. వెనక్కి వచ్చేటప్పుడు కూడా రుద్దారంటే చేసిందంతా నీళ్లపాలు. తొందరపడే వాళ్లకి ఈ పని రాదు.

ఇనుములో కంటికి ఆనని చిన్న చిన్న భాగాలుంటాయి. ఒక్కో భాగమూ ఒక బుల్లి అయస్కాంతమే. మామూలు ఇనుములో అవి ఎవరి దారి వారిదన్నట్టు తలా ఒక వైపు తిరిగి ఉంటాయి, ఒకదాని బలాన్ని ఇంకొకటి చంపేస్తుంది. మీరు ఒకే వైపుకి రుద్దుతుంటే మెల్లగా అన్నీ ఒక దారికొస్తాయి. అప్పుడు మీ సూది గుండుసూదిని లాగుతుంది. ఉక్కు సూదిలో ఒకసారి దారికొచ్చినవి అలాగే నిలబడిపోతాయి. మెత్తటి ఇనుము కాసేపటికే మర్చిపోతుంది. మీ సూదిని కింద పడేస్తే, సుత్తితో కొడితే, మంటలో పెడితే మళ్లీ అన్నీ చెదిరిపోతాయి."

చిన్నోడు గీత అవతల్నుంచి విని, "తీగచుట్ట గురించి రాయవా?" అనడిగాడు. రాశాను. "మేకుకి పూత ఉన్న రాగితీగ చుట్టి, రెండు కొసలూ గీకి బ్యాటరీకి తగిలిస్తే మేకు అయస్కాంతమవుతుంది. తీసేస్తే మళ్లీ మేకే. తీగ వేడెక్కుతుంది, ఎక్కువసేపు ఉంచకండి." చదివి వినిపిస్తే "ఇంతేనా?" అన్నాడు. జీవితమంతా చేసిన పనిని నాలుగు ముక్కల్లో తేల్చేశానని అలిగి టీ కూడా తాగలేదు. మరదలు బతిమాలితే తాగాడు.

ఫిబ్రవరి 18

కొంప మునిగేది ఈరోజు.

గేటు దగ్గర ఎవరో పిలిస్తే తల్లిని బల్లమీద వదిలి చూడ్డానికి వెళ్లాను. తిరిగొచ్చేసరికి చిన్నోడు గీత దాటి బల్ల దగ్గర నిలబడి ఉన్నాడు. ముళ్లు పాడవుతాయని తల్లిని తీశాడట. తీసినవాడు పక్కన పెట్టొచ్చు కదా. చెయ్యి దానంతటది ఎడమ జేబు దాకా పోయింది. వంటింటి గుమ్మంలోంచి మరదలు పరుగెత్తుకొచ్చి వాడి మణికట్టు పట్టుకుంది.

దాన్ని లాక్కుని బల్లమీద పెట్టి నా వైపు తిరిగింది. "మీ లెక్క తప్పని నేను అనను వదినా. ఆయన చేతికి మీ లెక్క తెలుసా?"

"నేను చూసుకుంటాను కదమ్మాయ్."

"ఎలా చూసుకుంటారు? ఇప్పుడు మీరు గేటు దగ్గరున్నారు." గొంతు పెంచలేదు, అదే నాకు మరీ కష్టంగా ఉంది. "మిగతావాటి సంగతి తర్వాత చూద్దాం. ఆ పెద్దది ఇంట్లో ఉన్నంతకాలం ఆయన చెయ్యి దాని మీదికే పోతుంది. అది ఉంటే మేం ఉండం. మా అక్కవాళ్లింటికి తీసుకుపోతాను ఆయన్ని."

చిన్నోడు తప్పు చేసిన పిల్లాడిలా నేల చూస్తున్నాడు. నా తరఫున ఒక్క ముక్క మాట్లాడలేదు, తన పెళ్లాం తరఫునా మాట్లాడలేదు.

పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గానీ పోదని ఇక్కడ రాసి కొట్టేశాను. ఎలాంటి మాట వచ్చింది నా చేతికి.

ఫిబ్రవరి 19

తల్లిని పాత ఇనుము కొనేవాడికి ఇచ్చేశానని ఇద్దరికీ చెప్పాను. మరదలు దగ్గరికొచ్చి నా చెయ్యి పట్టుకుంది. చిన్నోడు లేచి పెరట్లోకి వెళ్లి మొహం కడుక్కున్నాడు.

చెప్పాను, అంతే. ఇవ్వలేదు. బిస్కెట్ల రేకుడబ్బాలో పెట్టి, దాన్ని ఇంకో పెద్ద రేకుడబ్బాలో పెట్టి, నా ట్రంకుపెట్టెలో బట్టల అడుగున పెట్టాను. ఇనుప రేకు ఆ బలాన్ని చాలావరకు తనలోనే తిప్పుకుంటుంది, బయటికి పోనివ్వదు. నా గదికీ వాడి మంచానికీ మధ్య రెండు గోడలున్నాయి. వాడికి అది ఉందన్న సంగతే తెలియదు. తెలియని వస్తువు మీదికి చెయ్యి ఎలా పోతుంది? దీన్ని దాచడం అనరు, భద్రం చేయడం అంటారు.

ఫిబ్రవరి 24

చిన్నోడు మధ్యాహ్నం పడుకుంటాడు. మరదలు వాడి పక్కనే కూర్చుని కునుకు తీస్తుంది. ఆ కాసేపట్లో నా గది తలుపు వేసుకుని కొన్ని ముళ్లు రుద్దుకుంటున్నాను. షాపాయనకి మాటిచ్చాను కదా. ఈ ఒక్కసారికే. ఈ పెట్టెలు పంపేశాక నిజంగానే ఇచ్చేస్తాను.

ఫిబ్రవరి 27

మరదలు ఇవాళ నాకు ఇష్టమని కూర మళ్లీ వడ్డించింది. తినలేకపోయాను. ఎండలు మొదలయ్యాయి, ఆకలి ఉండట్లేదు.

మార్చి 1

చిన్నోడు గీత అవతల కూర్చుని తయారైన ముల్లొకటి ఇమ్మన్నాడు. ముల్లుతో ఏం ప్రమాదం లేదు, ఇచ్చాను. దాంతో గుండుసూదుల్ని ఒకదానికొకటి వేలాడదీసి చూశాడు. దండలాగా కిందికి దిగాయి.

"ఇది నా తీగచుట్టలో పెట్టి, బ్యాటరీ తగిలించి చేశావా?"

"మరి దేంట్లో పెట్టి చేస్తాను?"

"నా తీగచుట్ట ఇంత గట్టి ముల్లు ఎప్పుడూ చేయలేదక్కా."

"నీ చెయ్యి కాదుగా, నా చెయ్యి పడింది" అన్నాను. నవ్వాడు. ముల్లు తిరిగిచ్చేశాడు. ఇంకేం అడగలేదు, నమ్మే ఉంటాడు.

మార్చి 3

వాడు చిన్న దిక్సూచి ఒకటి పట్టుకుని ఇల్లంతా తిరుగుతున్నాడు. కాలక్షేపమట. మంచిదే, డాక్టరమ్మ నడవమంది కదా.

మార్చి 4

నా గది గుమ్మం దగ్గర చాలాసేపు నిలబడ్డాడు. ఏంట్రా అంటే, "ఏం లేదక్కా, నీ గదిలో గాలి బాగా వస్తోంది" అన్నాడు. నా గదికి కిటికీ లేదు.

మార్చి 6

ఆసుపత్రి వరండాలో కూర్చుని రాస్తున్నాను.

పొద్దున పెట్టెలు ఇవ్వడానికి షాపుకి వెళ్లాను. మరదలు మందులకి వెళ్లింది. తిరిగొచ్చేసరికి ముందుగది గుమ్మంలో చిన్నోడు పడి ఉన్నాడు. నాకంటే ముందే తిరిగొచ్చిన మరదలు వాడి తల ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. నుదురు గడపకి తగిలి రక్తం. కళ్లు తెరిచే ఉన్నాయి గానీ మమ్మల్ని చూడట్లేదు. చొక్కా ఎడమ జేబు బరువుగా కిందికి వేలాడుతోంది. మరదలికి అది కనబడింది కానీ అదేంటో తెలియలేదు. అది ఎప్పుడో పాత ఇనుములోకి పోయిందని కదా తను నమ్మింది. నాకు తెలుసు. జేబులో చెయ్యి పెట్టి తీసి వీధిలోకి విసిరేశాను. అప్పుడు మరదలు నా మొహం చూసింది.

పైటకొంగు వాడి నుదుటికి అదిమిపెట్టి, ఆటో పిలవమంది. నన్నొక మాట అని ఉంటే బాగుండేది.

మార్చి 7

ప్రాణానికి ముప్పు లేదన్నారు. నుదుటి మీద కుట్లు వేశారు.

డాక్టరమ్మ నన్ను పిలిచి కూర్చోబెట్టి చెప్పింది. "మిషను ఆగిపోలేదు. అయస్కాంతం ఆనుకుంటే అది గుండె మాట వినడం మానేస్తుంది. తన లెక్కన తను కొట్టుకుంటూ పోతుంది. ఈయన గుండె అప్పుడు బాగానే పనిచేస్తోంది, దానికి తోడు ఇదొకటి. రెండూ పోటీ పడేసరికి తల తిరిగి పడిపోయాడు. అయస్కాంతం తీయగానే మిషను మళ్లీ దారికొచ్చింది. ఇంకాసేపు అలాగే ఉండి ఉంటే ఏం జరిగేదో నేను చెప్పలేను."

చిన్నోడికి మాట వచ్చింది. నేను దగ్గరికెళ్తే, "ఒక్క ముల్లు నా చేత్తో చేద్దామనుకున్నానక్కా. గేటు చప్పుడైంది. మా ఆవిడొచ్చిందేమో, చూస్తే బాధపడుతుందని జేబులో వేసుకున్నాను" అన్నాడు. దిక్సూచి పట్టుకుని ఇల్లంతా తిరిగి, ముల్లు నా గది వైపు తిరగ్గానే తెలిసిపోయిందట. ఇంటిదొంగని ఈశ్వరుడు కూడా పట్టలేడంటారు. మావాడు పట్టాడు. పుట్టినప్పటినుంచీ దిక్సూచులతో బతికిన మనిషికి కనబడకుండా అయస్కాంతం దాచగలననుకున్నాను. నాలుగు రోజులు నా కళ్లముందే వెతికాడు. చూస్తూ ఉన్నాను.

నేను నా తమ్ముణ్ణి చంపబోయాను. ఇది కొట్టేయను.

మార్చి 8

మరదలు ఆసుపత్రి నుంచి బట్టల కోసం ఇంటికొచ్చింది. నేను ట్రంకుపెట్టె సర్దుకుంటున్నాను. గుమ్మంలో నిలబడి చూసింది.

"ఎక్కడికి?"

"ఎక్కడో ఒకచోటికి. నేనుంటే వాడికి మంచిది కాదు."

"అది ఇంట్లో ఉంటే మంచిది కాదన్నాను. మీరుంటే మంచిది కాదని ఎప్పుడన్నాను?" అప్పుడు ఏడ్చింది. పెళ్లై వచ్చినప్పటినుంచీ ఈ మనిషి ఏడవగా నేను చూడలేదు. "మీరు కూడా వెళ్లిపోతే నేనొక్కదాన్నే ఈయన్ని ఎలా కాసుకోను వదినా? మీ మాట తప్ప ఎవరి మాటా వినడు. కళ్లుమూసుకుని మీ మాట నమ్మాను. నాకు అదే కష్టంగా ఉంది."

కాళ్ల మీద పడదామనిపించింది. పెద్దదాన్ని, ఎలా పడను. పెట్టెలోంచి బట్టలు తీసి మళ్లీ అలమరలో పెట్టాను. అట్టపెట్టె నా గదిలో ఎందుకు పెట్టావని అడిగాను. "ఇంట్లో వాటి గురించి తెలిసింది మీకే కదా" అంది.

మార్చి 9

షాపాయన మనిషి వచ్చి ముందుగదిలో ఉన్న కడ్డీలన్నీ తీసుకుపోయాడు. పిల్లల కాగితంలో పైన, అన్నిటికంటే ముందు ఈ మాట రాసి ఇచ్చాను. "మీ ఇంట్లో ఎవరికైనా గుండె దగ్గర మిషను పెట్టి ఉంటే ఈ ఆట వాళ్ల దగ్గర ఆడకండి. అయస్కాంతాన్ని జేబులో పెట్టుకుని వాళ్లని కావలించుకోకండి. దాచి ఉంచాం కదా అని ధైర్యపడకండి."

తల్లి మాత్రం ఉంది. వీధిలో విసిరినదాన్ని పక్కింటావిడ తెచ్చి గేటు మీద పెట్టింది. పాత ఇనుము వాడికి ఇవ్వడానికి ఈసారి నిజంగానే బయల్దేరాను. సగం దారిలో ఆగిపోయాను. వాడు ఎవరికి అమ్ముతాడో, అది ఎవరి జేబులోకి పోతుందో. వెనక్కి తెచ్చాను. గేటు బయటే పెట్టి మరదల్ని పిలిచాను. "ఇది ఇంకా ఉంది. నీకు చెప్పకుండా లోపలికి తేను" అన్నాను.

మార్చి 10

పెరట్లో బొగ్గుల కుంపటి వెలిగించాను. ఉక్కు కడ్డీలని కాల్చి గట్టిపరచడానికి వాడే కుంపటే. మరదలు పక్కన కూర్చుని గాలిమిషను తిప్పింది. మెల్లగా తిప్పమ్మాయ్ అంటే, నాకు తెలుసులే అంది. ఇన్నేళ్లలో మా పనిలో తను చెయ్యి వేయడం ఇదే మొదటిసారి.

తల్లి ముందు నల్లబడింది, తర్వాత నీలంగా అయింది, తర్వాత ఎర్రబడింది. బాగా ఎర్రబడ్డాక లోపల వరసకట్టినవన్నీ చెదిరిపోతాయి. నేనే రాశాను పిల్లలకి. నాన్న చేతిలో దాన్ని చూసినప్పటినుంచీ మొదలై అన్నీ గుర్తొచ్చాయి. గుర్తొస్తున్నా కుంపట్లోంచి తీయలేదు.

పట్టకారుతో పట్టుకుని ఇసుకలో పెట్టబోయాను. చల్లారేటప్పుడు ఉత్తర దక్షిణాలుగా ఉంటే దానికి మళ్లీ కాస్త బలం వస్తుంది. భూమి కూడా పెద్ద అయస్కాంతమే కదా, అది పోస్తుంది. నా చెయ్యి ఉత్తరం వైపే తిరిగింది. మరదలికి ఈ సంగతి తెలియదు. ఎవరికీ తెలియదు. కాస్తేగా, ఏమవుతుంది అనిపించింది. అనిపించలేదని రాస్తే అబద్ధం.

"ఎందుకు వదినా అలా ఆగిపోయారు?" అంది మరదలు.

చెప్పాను. ఎటు పెడితే ఏమవుతుందో, నా చెయ్యి ఎటు పోయిందో అంతా చెప్పాను. తను నా చేతిలోని పట్టకారు వైపు చూస్తూ కూర్చుంది. తూర్పు పడమరలుగా పెట్టాను.

చల్లారాక గుండుసూదులు పోసి చూశాం. ఒక్కటీ అంటుకోలేదు. దిక్సూచి దగ్గర పెడితే ముల్లు ఏదో ఇనుపముక్క ఉందన్నట్టు కాస్త ఊగింది, ఎటు తిప్పి పెట్టినా అంతే. మరదలు నమ్మకం చాలక మళ్లీ తనే పోసి చూసుకుంది. చూసుకోనీ, ఇకమీదట నా మాట ఊరికే నమ్మక్కర్లేదు.

మార్చి 12

చిన్నోణ్ణి ఇంటికి తెచ్చాం. ముందుగది ఖాళీగా ఉంది. గుమ్మంలో ఆగి చూశాడు. బల్ల, కుర్చీ, నేల మీద తుడిచినా పూర్తిగా పోని సుద్దగీత. గీత దాటి వెళ్లి బల్ల మీద అరచెయ్యి ఆనించాడు. వద్దనడానికి అక్కడేం లేదు.

"ఏదీ?" అన్నాడు.

తెచ్చి వాడి చేతిలో పెట్టాను. నల్లగా పొరలు లేచి ఉంది. అటూ ఇటూ తిప్పి చూశాడు. బల్ల సందులో చిక్కుకుపోయిన గుండుసూదొకటి గోటితో తీసి దానికి ఆనించాడు. పడిపోయింది. మళ్లీ ఆనించాడు, మళ్లీ పడిపోయింది.

"కాల్చావా?"

"కాల్చాను."

"నువ్వేనా?"

"నేనే. మీ ఆవిడ గాలి వేసింది."

అప్పుడు వాడు చొక్కా గుండీ విప్పి, నా కళ్లలోకి చూస్తూ ఆ కడ్డీని తీసుకెళ్లి ఉబ్బు మీద పెట్టుకున్నాడు. మరదలు ముందుకి దూకింది. నేను తన చెయ్యి పట్టుకుని, "ఏం కాదమ్మాయ్" అన్నాను. ఎన్నిసార్లు సరిచూసుకున్నా, అది వాడి గుండె మీద ఉంటే నా చదువూ నా చేతిపనీ ఎక్కడికి పోయాయో తెలియలేదు. మరదలి చెయ్యి నా చేతిలో, నా చెయ్యి తన చేతిలో, ఇద్దరం వాడి మొహమే చూస్తూ నిలబడ్డాం.

వాడికేమీ కాలేదు. చాలాసేపు అలాగే పట్టుకుని నిలబడ్డాడు. తర్వాత కుర్చీలో కూర్చుని, కడ్డీని ఒళ్లో పెట్టుకుని, చిన్నప్పటిలా పెదవి వణికించాడు.

"నాన్న ఇప్పుడు పోయాడక్కా."

"పోనీరా" అన్నాను. "నువ్వున్నావుగా."